అణుధూళి పడిన పొలములు – ఊరు విడిచిన రైతులు

ఈ మధ్య తరిగొప్పులలో రైతుల సమావేశము ఒకటి జరిగినది. పొటాష్ ఎరువు ఖరీదైనదని చాలమంది మానివేయుచున్నారు గనుక దాని అవసరమును గురించి చెప్పుచు, మాటవరుసకు జపాను రైతుల సంగతి ఎత్తవలసి వచ్చినది. ఒక విపత్తులో పొటాష్ వారికి ఎట్లు అక్కరకు వచ్చినదో చెప్పి, ఆ విపత్తులో కొన్ని ఊళ్లవారు తమ పొలములను విడిచి ఆరేండ్లు, పదేండ్లు బయటనే ఉండిపోయినారని చెప్పగా, వెనుక కూర్చున్న ఒక పెద్దమనిషి లేచినారు. "మా వియ్యంకులది మల్లన్నసాగర్ కింద పోయిన ఊరు. నీళ్లు వచ్చినయి, ఊరు మునిగింది, గజ్వేలు కాడ ఇండ్లు ఇచ్చిండ్రు. అది సమజయింది. ఇక్కడ నీళ్లు లేవు, నిప్పు లేదు, భూమి ఎక్కడిదక్కడనే ఉన్నదంటిరి. మరి ఎందుకు దున్నరు సారూ?" అని అడిగినారు.

ప్రశ్న సరియైనది. అక్కడి రైతులు కూడ మొదట అడిగినది ఇదే. ఆనాడు సమయము చాలక చెప్పలేకపోయిన జవాబును ఇక్కడ వివరముగా వ్రాయుచున్నాము.

కంటికి కనబడనిది ఏమి పడినది?

2011 మార్చి 11వ తేదీ మధ్యాహ్నము 2 గంటల 46 నిమిషములకు జపాను ఈశాన్య తీరమున పెద్ద భూకంపము వచ్చినది. గంట తిరుగకముందే సముద్రము పొంగి సునామీగా ఊళ్లమీద పడినది. ఆ తీరముననే ఉన్న ఫుకుషిమా దాయిచి అణు విద్యుత్కేంద్రమునకు బయటి కరెంటు పోయినది. అవసరమునకు ఉంచిన డీజిలు యంత్రములు నీట మునిగినవి. కట్టెల పొయ్యి ఆర్పిన కొంతసేపటికి చల్లారును. అణు కొలిమి అట్లు చల్లారదు. దానిని ఆపిన తరువాత కూడ లోపలి ఇంధనము చాలకాలము వేడిని పుట్టించుచునే ఉండును. ఆ వేడిని తీయుటకు నీరు పంపవలెను. పంపుటకు కరెంటు లేక మూడు కొలిములలో ఇంధనము కరిగినది. హైడ్రోజను వాయువు చేరి కట్టడములు పేలినవి. లోపలి పదార్థములలో కొన్ని ఆవిరిగాను, సన్నని ధూళిగాను గాలిలో కలిసినవి.

ఈ ధూళిలోని పరమాణువులు నిలకడ లేనివి. అవి ఒకటొకటిగా విడివడుచు కిరణములను వెలువరించును. సెకనుకు ఒక పరమాణువు విడివడినచో దానిని ఒక బెక్వెరెల్ అని లెక్కింతురు. రంగు లేదు, వాసన లేదు, రుచి లేదు; యంత్రముతో కొలిచిననే తెలియును. రైతుకు ముఖ్యముగా తెలియవలసినవి రెండు. ఒకటి అయొడిను 131. ఇది ఎనిమిది రోజులకొకసారి సగమగుచు, మూడు నెలలలో దాదాపు లేకుండ పోవును. రెండవది సీసియము 137. ఇది సగమగుటకు 30 సంవత్సరములు పట్టును. ఇరువదియైదేండ్ల యువకుని పొలములో పడినది అతనికి ఏబదియైదేండ్లు వచ్చుసరికి సగము, ఎనుబదియైదేండ్లకు పావు వంతు మిగిలియుండును. సీసియము 134 అను మరియొక రకము కూడ ఉన్నది గాని అది రెండేండ్లకొకసారి సగమగును గనుక త్వరగా తగ్గిపోయినది.

ఇయితాతే అను ఊరి సంగతి

ప్రమాదము జరిగిన మరునాటికే కేంద్రమునకు 20 కిలోమీటర్ల లోపలివారిని ఇండ్లు విడువుడని ప్రభుత్వమువారు ఆజ్ఞాపించినారు. ఆ గిరి గీతకు బయట, వాయవ్యముగా 30 నుండి 50 కిలోమీటర్ల దూరములో ఇయితాతే అను గ్రామ మండలము ఉన్నది. జనాభా సుమారు 6000. కొండలమీది ఎత్తైన, చలి ఎక్కువైన ప్రాంతము; నాలుగింట మూడు వంతులు అడవి. చలిగాలి వచ్చిన ఏడు వరి పొల్లుపోవును గనుక అక్కడివారు పూర్వమునుండి వరితోపాటు మాంసపు పశువులను పెంచి, ఏండ్ల తరబడి పాటుపడి తమ ఊరి పేరుతోనే వాటికి మంచి ధర వచ్చునట్లు చేసికొన్నారు.

భూకంపము తరువాత తీరపు ఊళ్లనుండి పారిపోయి వచ్చిన వందలాదిమందిని ఇయితాతేవారు బడులలో దింపుకొని అన్నము వండిపెట్టినారు. ఆ సమయముననే, మార్చి 15వ తేదీన, గాలి సముద్రమువైపునుండి కొండలవైపు తిరిగినది. సాయంత్రము వాన, ఆపైన మంచు కురిసినది. గాలిలోని ధూళి ఆ వానతో, మంచుతో నేలకు దిగినది. గిరి గీత గుండ్రముగా ఉన్నది. గాలి గుండ్రముగా వీచదు. కేంద్రమునకు దగ్గరగా ఉన్న కొన్ని ఊళ్లకంటె దూరముగా ఉన్న ఇయితాతే పొలములలోనే ఎక్కువ పడినది. ఇయితాతేను ఖాళీ చేయవలెనని ఆజ్ఞ వచ్చినది ఏప్రిల్ 22న. ఒక నెల గడువు ఇచ్చినారు. అంటే అయిదారు వారములు ఆ ఊరివారు ఎప్పటివలెనే పిల్లలతో అక్కడనే కాపురము చేసినారు. ఈ ఆలస్యమును గురించిన మనోవేదన వారికి చాలకాలము పోలేదు. గాలి ఎటు వీచునో లెక్కగట్టు యంత్రాంగము ప్రభుత్వము వద్ద ఉండియు ఆ సమాచారము ప్రజలకు సకాలములో అందకపోయినదని తరువాత తేలినది.

పశువులు, పాలు, గడ్డి

మనిషి బస్సు ఎక్కి వెళ్లిపోవచ్చును. కొట్టములో కట్టివేసిన పశువు సంగతి ఏమి? 20 కిలోమీటర్ల వలయములో సుమారు 3500 పశువులు, 30,000 పందులు, లక్షలాది కోళ్లు మిగిలిపోయినవి. రెండు మూడు రోజులలో తిరిగి వత్తుమనుకొని కొందరు మేత వేసి, నీళ్లు పెట్టి వెళ్లినారు. తిరిగి రానివ్వలేదు. కొన్ని కట్టుగొయ్యల వద్దనే ఆకలితో చచ్చినవి. కట్టు విప్పి వదలినవి అడవిపాలైనవి. మే నెలలో ప్రభుత్వమువారు, యజమాని ఒప్పుకొన్నచో వాటిని బాధలేకుండ చంపివేయుటకు ఉత్తరువు చేసినారు. కొందరు రైతులు ఒప్పుకొనలేదు. అమ్ముటకు పనికిరాని ఆ మందలకు, అనుమతి తీసికొని లోపలికి పోయి, ఏండ్ల తరబడి మేత వేసినారు. లాభనష్టముల లెక్క చూచు వారికి ఇది అర్థము కాదు. ఎద్దును అమ్మిననాడు ఇంట్లో పొయ్యి వెలిగించని కుటుంబములు మన ప్రాంతములో కలవు గనుక మనకు వివరించనక్కరలేదు.

పాల సంగతి వేరు. గడ్డిమీద పడిన అయొడిను పశువు కడుపులోనికి, అక్కడనుండి ఒకటి రెండు రోజులలోనే పాలలోనికి వచ్చును. ఆ పాలు త్రాగిన పిల్లల మెడలోని థైరాయిడ్ గ్రంథిలో చేరును. 2011 మార్చి 21న ఫుకుషిమాలో పాల అమ్మకమును ఆపివేసినారు. పాలు పిండక తప్పదు, అమ్ముటకు వీలులేదు; పిండిన పాలను రైతులు గోతులలో పారబోసినారు. ఇయితాతే పాడి రైతులు చివరకు మందలనే వదులుకొన్నారు.

గడ్డివాముల విషయమున జరిగిన పొరపాటును మన రైతులు ప్రత్యేకముగా గమనించవలెను. వలయమునకు చాల దూరములో ఉన్న జిల్లాలలో కూడ, వరి కోసిన తరువాత గడ్డిని ఆ చలికాలమంతయు పొలముమీదనే వదలియుంచినారు. దానిమీద ధూళి పడినది. ఆరుబయట ఉన్న మేత పెట్టవద్దని అధికారులు చెప్పినారు గాని, ఆ మాట గడ్డి అమ్మువారందరికి చేరలేదు. ఆ గడ్డిని పశువుల పెంపకందార్లు కొని మేపినారు. జూలై నెలలో టోకియో నగరపు మాంసములో సీసియము బయటపడినది. విచారించగా దోషము గడ్డిదని తేలినది. పచ్చిమేతకంటె ఎండుగడ్డిలో ప్రమాదము ఎక్కువగా కనబడుటకు కారణము సులభము. తడి ఆరిపోగా అదే ధూళి తక్కువ బరువులో నిలిచియుండును.

రెండు గదుల కాపురము

ఫుకుషిమా ప్రాంతమునుండి అన్ని కారణములచేత ఊరు విడిచినవారు ఎక్కువగా ఉన్న కాలములో 1,60,000 మందికి పైగా ఉండిరి. వీరికి తాత్కాలికముగా రేకు గోడల ఇండ్ల వరుసలు కట్టియిచ్చినారు; కొందరికి పట్టణములలో అద్దె ఇండ్లు దొరకినవి. రెండేండ్లకని కట్టిన ఆ ఇండ్లలోనే చాలమంది అయిదారేండ్లు గడపినారు.

ఊరిలో తాత, తండ్రి, మనుమడు ఒక పెద్ద ఇంటిలో ఉండెడివారు. రెండు చిన్న గదులలో అది సాగదు. చిన్నపిల్లలున్న కోడలు దూరపు పట్టణమునకు, ఉద్యోగమున్న కొడుకు పని దగ్గరకు, ముసలివారు తాత్కాలిక ఇండ్లకు చేరినారు. ఒక కుటుంబము మూడు పొయ్యిలైనది. తెల్లవారి లేచి నీరు కట్టి, గట్లు చూచి, కూరగాయల మడిలో వంగి పని చేసిన డెబ్బదియేండ్ల మనిషికి ఇప్పుడు చేయుటకు ఏమియు లేదు. బియ్యము, కూరలు అన్నియు కొనవలెను. తరువాత జరిపిన ఆరోగ్య పరీక్షలలో ఊరు విడిచినవారిలో స్థూలకాయము, రక్తపుపోటు, మధుమేహము పెరిగినట్లు తేలినది. మనోవ్యాధులు, మద్యపానము కూడ.

ఇక్కడ ఒక విషయమును చక్కగా గ్రహించవలెను. ఆ ప్రాంతపు ప్రజలలో కిరణముల వలననే కలిగినదని నిర్ధారణగా చెప్పదగిన ఆరోగ్య నష్టము కనబడలేదని ఐక్యరాజ్య సమితి శాస్త్రవేత్తల సంఘము తన నివేదికలో తెలిపినది. కాని ఊరు విడుచుటలోని శ్రమ, దిగులు, వైద్యము అందకపోవుట మొదలగు కారణములచేత ఫుకుషిమాలో 2300 మందికి పైగా చనిపోయినట్లు అధికారుల లెక్క. భూకంపము, సునామీ నేరుగా బలిగొన్నవారికంటె ఈ సంఖ్య పెద్దది. వీరిలో ఎక్కువమంది వృద్ధులు. ఆసుపత్రులలో మంచము పట్టియున్నవారిని తగిన ఏర్పాటు లేకుండ బస్సులలో గంటల తరబడి తిప్పుటచే ఆ మొదటి రోజులలోనే ఎందరో ప్రాణములు విడిచినారు. కనుక తరలించకుండుటయు ప్రమాదమే, తరలించు పద్ధతి తెలియకుండుటయు ప్రమాదమే.

నష్టపరిహారము వచ్చినది. మనోవేదన నిమిత్తము మనిషికి నెలకు లక్ష యెన్‌లు, ఇండ్లకు భూములకు వేరుగాను ఇచ్చినారు. మొదట కంపెనీవారు పంపిన దరఖాస్తు అరువది పేజీలు. దానిని నింపు విధమును చెప్పు పుస్తకము అంతకంటె పెద్దది. ఎంత అమ్మినారు, ఎంత ఆదాయము, రసీదులు ఏవి అని అడిగినారు. అంతకంటె చేటు చేసినది హద్దు గీత. కొన్నిచోట్ల ఇంటింటికి కొలిచి, ఈ ఇంటివారు అర్హులు, ప్రక్క ఇంటివారు కారు అని నిర్ణయించినారు. నిన్నటివరకు ఒక కాలువ నీరు పంచుకొన్నవారు మాటలు మానుకొన్నారు. వెళ్లినచోట పిల్లలను బడిలో ఎగతాళి చేసినారు. పెద్దలను, పరిహారపు సొమ్ము తిని కూర్చున్నారని దెప్పినారు.

మునిగిన ఊరివారికిని వీరికిని భేదము ఇక్కడనే ఉన్నది. నీట మునిగిన పొలము పోయినదే. దుఃఖించి, వచ్చినదానితో మరొకచోట ఎకరమో అరెకరమో వెదకుకొందురు. ఇయితాతేవారి పొలము కనబడుచునే ఉన్నది. నెలకొకసారి పోయి చూచి రావచ్చును. రాత్రి ఉండరాదు, విత్తరాదు. వచ్చే ఏడు తెరతురని ఒకరు, ఎప్పటికిని తెరువరని ఒకరు. క్రొత్త ఊరిలో భూమి కొనవలెనా, ఉన్నదానికై కాచుకొనవలెనా అని తేల్చుకొనలేక ఆరేండ్లు గడచినవి. ఈలోపల మడులలో విల్లో చెట్లు మొలచినవి, అడవిపందులు గట్లు త్రవ్వివేసినవి, ఎలుకలు ఇండ్లలో చేరినవి.

మన్ను చేసిన పని

ఇప్పుడు ఆ పెద్దమనిషి ప్రశ్నలోని రెండవ సగమునకు వత్తము: మన్నులో పడినది ఏమగును?

సీసియము గుణములో పొటాషియమునకు దాయాది వంటిది. వేరు రెంటిని స్పష్టముగా వేరుచేసికొనలేక, పొటాషియము దొరకనప్పుడు సీసియమును తీసికొనును. కాని మన్ను ఊరకుండదు. అభ్రకము చివికి ఏర్పడిన బంకమట్టి రేణువులు పుస్తకపు పుటలవలె పొరలు పొరలుగా ఉండును. ఆ పొరల అంచులలో సీసియము చిక్కుకొని, బయటికి రాలేనంత గట్టిగా పట్టుబడును. అందుచేతనే దున్నకుండ వదలిన పొలములో అది పై 5 సెంటీమీటర్లలోనే చాలమట్టుకు నిలిచియున్నది. ఇసుక నేలలకు, ఆకుకుళ్లు ఎక్కువైన నేలలకు ఈ పట్టు తక్కువ. మన నల్లరేగడిలో బంకమట్టి ఎక్కువే గాని అది వేరు జాతి. సీసియమును పట్టునుగాని అంత బిగువుగా కాదు.

ఫుకుషిమాలో ముందుగా చేసిన పని పై మన్ను 5 సెంటీమీటర్లు గీకివేయుట. చెరువు పూడికమట్టి తోలి చెలకను బాగుచేసికొను మనవారికి ఆ మన్ను విలువ తెలియును. ఎకరాకు 5 సెంటీమీటర్ల మన్ను అనగా 200 ఘనమీటర్లు. 3 ఘనమీటర్లు పట్టు ట్రాక్టరు ట్రాలీలు అరువదియేడు. తాతల నాటినుండి పెంటయెరువు వేసి పెంచిన ఆ పొరను నల్లని సంచులలో నింపి పొలములలోనే గుట్టలు వేసి, దాని బదులు కొండ త్రవ్వి తెచ్చిన ఇసుక మన్ను పరచినారు. ఆ సంచులను 2015 నుండి కేంద్రము చుట్టునున్న ఓకుమా, ఫుతాబా ఊళ్ల భూములకు తరలించినారు. మొత్తము 1 కోటి 40 లక్షల ఘనమీటర్ల వరకు చేరినది. ఆ మన్నును 2045 మార్చి లోపల ఫుకుషిమా వెలుపలికి తీసికొనిపోవుదుమని చట్టములో వ్రాసియున్నారు. ఆ నిలువలకై భూములిచ్చినవారును రైతులే. అడవిని మాత్రము గీకుట సాధ్యము కాలేదు. అందుచేత అడవి పుట్టగొడుగులు, కొండ ఆకుకూరలు, పంది మాంసము మీద కట్టుబాట్లు చాలకాలము సాగినవి.

పొద్దుతిరుగుడు వేసినచో విషమును పీల్చివేయునని ఆ ఏడు పెద్ద ప్రచారము జరిగినది. వ్యవసాయ మంత్రిత్వశాఖవారు వేసి చూచినారు. ఒక పంటలో పైరు తీసినది మన్నులోని సీసియములో రెండువేలవ వంతు మాత్రమే. పైగా ఆ చొప్పను ఏమి చేయవలెనను క్రొత్త చిక్కు వచ్చినది. ప్రచారము జరిగినదంతయు పనికివచ్చునది కాదని రైతులకు వేరుగా చెప్పనక్కరలేదు.

పనికివచ్చినది పొటాష్. 2011 శీతకాలములో ఫుకుషిమా నగరమునకు చెందిన ఓనామి అనుచోట కొందరి ధాన్యములో, ఆనాటి పరిమితి కిలోకు 500 బెక్వెరెల్‌లు కాగా, దానికి మించి కనబడినది. సీసియము అంతకంటె ఎక్కువగా పడిన కొన్ని మడులలో ధాన్యము బాగుగనే ఉన్నది. శాస్త్రజ్ఞులు మన్ను తీసి చూడగా చెడిన మడులు పొటాషియము తక్కువైనవని తేలినది. వరి తీసికొన్న పొటాష్‌లో ఎక్కువ పాలు గింజలో గాక గడ్డిలోనే ఉండును. గడ్డిని ఏటేట తీసివేసి తిరిగి ఎరువు వేయని మడిలో వేరు ఆకలిగొని సీసియమును పట్టినది. అప్పటినుండి మార్పిడికి వీలైన పొటాష్ 100 గ్రాముల మన్నులో 25 మిల్లీగ్రాములకు తగ్గకుండ ఉంచవలెనని నిర్ణయించినారు. మన లెక్కలో ఎకరాకు, 15 సెంటీమీటర్ల లోతున, సుమారు 200 కిలోలు. రైతులందరికి పొటాష్ ఉచితముగా పంచి నాట్లకు ముందు వేయించినారు.

2012 ఏప్రిల్ నుండి పరిమితిని కిలోకు 100 బెక్వెరెల్‌లకు తగ్గించినారు, పాలకు 50. ఆ ఏటి పంటనుండి ఫుకుషిమాలో పండిన ప్రతి బియ్యపు సంచిని యంత్రముమీద పెట్టి కొలిచినారు. 30 కిలోల సంచులు ఏటా కోటికి పైగా. 2012లో పరిమితి దాటినవి 71, 2013లో 28, 2014లో 2. 2015 నుండి ఒక్కటియు లేదు. 2020 నుండి చాలచోట్ల ప్రతి సంచిని చూచుట మాని నమూనాలు తీసి చూచుచున్నారు. ఇంత చేసినను బజారులో ఆ పేరు గల బియ్యమునకు, మాంసమునకు చాల ఏండ్లు ధర తక్కువ పలికినది. బియ్యము బాగున్నదని యంత్రము చెప్పినది. కొనువాడు నమ్ముటకు యంత్రము చాలలేదు.

చెర్నోబిల్‌లో

దీనికి పాతికేండ్ల ముందు, 1986 ఏప్రిల్ 26 తెల్లవారుజామున, అప్పటి సోవియట్ యూనియనులోని ఉక్రెయినులో చెర్నోబిల్ కేంద్రములో నాలుగవ కొలిమి పేలినది. ప్రక్కనున్న ప్రిప్యత్ పట్టణమువారిని మరునాడు మధ్యాహ్నము, మూడు రోజులకని చెప్పి, బస్సులెక్కించినారు. ఆ సంవత్సరము 1,16,000 మందిని, తరువాతి ఏండ్లలో మరి రెండు లక్షలకు పైగా తరలించినారు. వీరిలో చాలమంది ఆవు, బంగాళాదుంప మళ్లు, తోట గల పల్లెవారు. పట్టణపు అంతస్తుల ఇండ్లలో ఉండలేక వెయ్యిమందికి పైగా, ఎక్కువగా ముసలి స్త్రీలు, కావలి తప్పించుకొని తమ పల్లెలకు తిరిగి వచ్చి కాపురము పెట్టినారు. అధికారులు చివరకు చూచియు చూడనట్లు ఊరకున్నారు.

అక్కడ జరిగిన పెద్ద అపచారము పాలలో జరిగినది. మొదటి వారములలో అనేక పల్లెలలో పిల్లలు ఇంటి ఆవు పాలు త్రాగుచునే ఉండిరి. తరువాతి కాలములో, ఆనాటి పిల్లలలో 6000 మందికి పైగా థైరాయిడ్ క్యాన్సరు కనబడినది. చాలమట్టుకు చికిత్సతో నయమైనది గాని, కొద్ది వారములు పాలు ఆపియుంటే ఎక్కువ భాగము తప్పియుండెడిది. ఆ ప్రాంతపు నేలలు ఇసుకవి, బురదకుళ్లువి. సీసియమును పట్టియుంచలేక గడ్డిద్వారా ఏండ్ల తరబడి పాలలోనికి వదలినవి. సున్నము, పొటాష్ వేయుట, పచ్చిక బయళ్లను లోతుగా దున్ని తిరిగి విత్తుట, పశువులకు ప్రష్యన్ బ్లూ అను నీలి మందు తినిపించుట, అమ్ముటకు రెండు మూడు నెలల ముందు శుభ్రమైన మేతకు మార్చుట – ఇవి అక్కడ నేర్చినవే. మన్నులోవలె గాక, పశువు ఒంటిలోని సీసియము కొద్ది వారములలోనే సగమగును.

మన ప్రాంతమునకు సంబంధించి

తెలంగాణలో అణు విద్యుత్కేంద్రము లేదు. మణుగూరు వద్ద ఉన్నది భారజల కర్మాగారము. హైదరాబాదులో ఉన్నది ఇంధనము తయారుచేయు సంస్థ. ఆంధ్రప్రదేశ్‌లో శ్రీకాకుళము జిల్లా కొవ్వాడ వద్ద కేంద్రము కట్టవలెనను ప్రతిపాదన వచ్చి అక్కడి మత్స్యకారులకు, రైతులకు ఊరు విడుచు ప్రశ్న ఎదురైనది గాని, అది కట్టుటకు ముందటి తరలింపు. తెలుగువారు గాలిద్వారా వచ్చిన ఆపదకు రాత్రికి రాత్రి ఊరు విడిచినది విశాఖపట్టణములో. 2020 మే 7 తెల్లవారుజామున ఆర్.ఆర్. వెంకటాపురము వద్ద ప్లాస్టిక్ కర్మాగారపు తొట్టినుండి స్టైరీన్ ఆవిరి వెలువడి 12 మంది మరణించినారు, పశువులు పడిపోయినవి, చుట్టుప్రక్కల కాలనీలు ఖాళీ అయినవి. అక్కడి కూరగాయలు తినవద్దని, ఆ మేత పశువులకు వేయవద్దని నిపుణులు సలహా చెప్పినారు. కాని స్టైరీన్ గాలికి, ఎండకు విచ్ఛిన్నమైపోవు పదార్థము. జనము కొద్ది రోజులలో ఇండ్లకు తిరిగి రాగలిగినారు. సీసియము విచ్ఛిన్నము చేయుటకు ఎండకు గాని, నిప్పుకు గాని, మందుకు గాని శక్తి లేదు. అదియే రెంటికి భేదము.

ఏ కర్మాగారమునుండి ఏమి వచ్చినను మొదటి గంటలలో రైతు చేయదగిన పనులు ఇంచుమించు ఒక్కటే. మనుష్యులు అధికారులు చెప్పినట్లు నడచుకొనవలెను. తామే చూచి వత్తుమని ఎదురు పోరాదు. వ్యవధి ఉన్నచో పశువులను కొట్టములో చేర్చి, వాము లోపలి గడ్డిని తీసి వేయవలెను; బయట మేపరాదు. తరలిపోవలసి వచ్చి పశువులను తోలుకొనిపోవు వీలు లేనిచో వాటిని కట్టివేసి పోరాదు. కట్టవలెనా వదలవలెనా అను మాట పశువైద్యుని అడిగి చేయుట మేలు. గడ్డివామును టార్పాలినుతో, బావిని, నీటి తొట్టిని మూతతో కప్పవలెను. బోరు నీటికి వెంటనే భయము లేదు. కుంట నీరు త్రాగించరాదు. పాలు, ఆకుకూరలు పరీక్ష అయ్యేవరకు ఇంట వాడరాదు, అమ్మరాదు. అన్నిటికంటె ముఖ్యముగా, పొలమును దున్నరాదు. పైన పలుచగా పడినదానిని దున్ని కలిపితిమా, 5 సెంటీమీటర్లతో పోవునది 15 సెంటీమీటర్ల లోతునకు దిగును. ఫుకుషిమాలో నాట్ల కాలము దగ్గరపడుచుండగా రైతులను దున్నకుండ ఆపినది ఇందుకే. పట్టాదారు పాసుపుస్తకము, పశువుల చెవి బిళ్లల నంబర్లు, ధాన్యము, పాలు అమ్మిన రసీదులు ఒక సంచిలో ఉంచుకొనుట ఏ ఆపదకైనను పనికివచ్చును. భూసార పరీక్ష కార్డు కూడ అందులోనే ఉంచవలెను. దానిలో పొటాష్ తక్కువ అని వ్రాసియున్నచో అది ఈ సంవత్సరపు వరికే నష్టము గనుక ఆపదకై కాచుకొనక ఇప్పుడే వేయవలెను.

ఇక, "ఎందుకు దున్నరు" అను మాటకు జవాబు: దున్నినారు. ఇయితాతేలో ఎక్కువ భాగమును 2017 మార్చి 31న తెరచినారు. అన్నిటికంటె ఎక్కువ ధూళి పడిన నాగదోరో అను వాడలో కొంత మేరను 2023 మే 1న తెరచినారు. 6000 మందిలో అక్కడ నివసించుచున్నవారు 1500 వరకే. అరువది దాటినవారే ఎక్కువ. పిల్లలు బయటి బడులలో చదువుకొని, అక్కడనే పనులలో చేరి, పండుగకు వచ్చి పోవుచున్నారు. ఎదురుచూచినవారిలో కొందరు తాత్కాలిక ఇండ్లలోనే పోయినారు. వచ్చిన రైతులు పై మన్ను పోయి బలము తగ్గిన మడులలో పశువుల ఎరువు, పొటాష్ వేసి మరల వరి నాటినారు. తినునది కొనుటకు జనము జంకుదురని కొందరు గాజుగదులలో పూలు పెంచి పట్టణములకు పంపుచున్నారు. దున్నువారు లేని మళ్లలో పచ్చిక వేసినారు. మరికొన్నిటిలో కరెంటు పుట్టించు సూర్యఫలకములు వరుసలు తీరియున్నవి.